కోతి బొమ్మకు దాత

బందరు నుంచి గుడివాడ దాకా ఈ ముప్పై ఏళ్ళలో పోయినవాళ్ళలో సగం మంది పేర్లు అబ్బులే రాశాడు. అతను పెయింటరు, ఊరు బందరు పక్కన రేవు గిలకలదిండి. సముద్రంలో చేపల వేట నిషేధం ఉన్న రెండు నెలలూ బోట్లన్నీ ఒడ్డుకు చేరి రంగులు వేయించుకుంటాయి కాబట్టి అప్పుడు అతనికి ఊపిరాడదు. మిగతా పది నెలలూ అతనికి అన్నం పెట్టింది చనిపోయినవాళ్ళే.

మా వైపు ఇంట్లో పెద్దవాళ్ళు పోతే పెద్దకర్మ కాగానే అందరూ తలపట్టుకు కూర్చునేది ఒక్కదాని గురించే. పేరు ఎక్కడ రాయించాలి? స్కూలుకు ఫ్యాను ఇస్తే దాని మూడు రెక్కల మీదా పేరు ఉంటుంది. ఫ్యాను తిరిగితే పేరు కనపడదని కరెంటు పోయినప్పుడు సంతోషించే కుటుంబాలు నాకు తెలుసు. బస్ షెల్టరు, మంచినీళ్ళ ట్యాంకు, బెంచీ, చివరికి శవాన్ని ఉంచే ఫ్రీజర్ పెట్టె మీద కూడా ఎవరో ఒకరి జ్ఞాపకార్థం ఉంటుంది. పామర్రు నుంచి గుడివాడ వెళ్ళే రోడ్డు మీద దిగి, కాలవ గట్టున రెండు కిలోమీటర్లు నడిస్తే వచ్చే మా ఊరి హైస్కూల్లో దాత పేరు రాయనిది ఒక్క నా మీదే. నేను అక్కడ సోషల్ మాస్టర్ని. పేరు ప్రసాద్. పుట్టింది కూడా ఆ ఊళ్ళోనే.

అబ్బులుకి ఒక పద్ధతి ఉంది. ఏ పేరు రాసే ముందైనా చెవి మీది పెన్సిలు చేతిలోకి తీసుకుని, "మనిషి ఎలాంటోరండి?" అని అడుగుతాడు. గొంతున్న మనిషంటే అక్షరాలు లావుగా దిద్దుతాడు. ఎవరి జోలికీ పోని మనిషంటే సన్నగా, కొంచెం కిందికి రాస్తాడు. కోపిష్టి అంటే ఎర్రరంగు. "మా బాబాయి అందరితో మంచిగా ఉండేవాడు" అంటే మాత్రం అతనికి చిరాకు. "అందరూ అదే చెప్తారండి, అట్టాగైతే అన్నీ నీలంలోనే రాయాల" అంటాడు. కొడుకులు చెప్పలేక నీళ్ళు నమిలితే పక్కింటివాళ్ళని పిలిచి అడిగేవాడు. అలా ఈ ప్రాంతంలో చనిపోయినవాళ్ళ నిజమైన స్వభావాలన్నీ అతనికి తెలుసు.

ఇక అనసూయ గారి గోడ సంగతి. ఆవిడ మా బయాలజీ టీచరు. రోజూ గుడివాడ నుంచి స్కూటీ మీద వస్తారు. పదో తరగతిలో జీవపరిణామం పాఠం చెప్పడమంటే ఆవిడకి ప్రాణం. పిల్లలేమో దాన్ని ఖాళీలు పూరించడానికి మాత్రమే చదివేవారు. "డార్విన్ ఓడ పేరేమిటి అంటే టక్కున చెప్తారండీ, ఆ ఓడలో అయిదేళ్ళు తిరిగి ఆయన ఏం కనిపెట్టాడంటే మొహమొహాలు చూసుకుంటారు" అని వాపోయేవారు. అందుకని వరండా గోడ పొడవునా ఆరు బొమ్మలు వేయిద్దామన్నారు. మొదట ఒక్క కణం, తర్వాత చేప, కప్ప, తొండ, కోతిలాంటి జీవి, చివర మనిషి. నిజానికి పరిణామం వరసలో నడవదు, చెట్టులా కొమ్మలు వేస్తుంది, చెట్టే వేయిద్దామని ఆవిడ కోరిక. కానీ వరండా గోడకి పొడవుందిగాని ఎత్తు లేదు. అలా మా ఊళ్ళో జీవపరిణామం మొదటి రోజే గోడకి తగ్గట్టు సర్దుకుంది.

రంగులు కొనడానికి బడికి దారి లేదు. ఆ సంగతి స్కూలు కమిటీ పెద్ద గోవర్ధనరావు గారి దగ్గరికి వెళ్ళింది. ఆయనకి వరి పొలాలు, రొయ్యల చెరువులు, పామర్రులో ఎరువుల కొట్టు ఉన్నాయి. ఆయన క్షణం ఆలోచించలేదు. "బొమ్మకొక దాత. కింద పేరు. అయిపోయిందిగా!" అన్నారు.

ఆ మాట అన్న క్షణంలోనే నేను లేచి బయటికి పోయి ఉండాల్సింది. ఏం జరుగుతుందో చూద్దామన్న కుతూహలంతో ఉండిపోయాను.

మర్నాడు కమిటీ మీటింగుకి ఎన్నడూ రానివాళ్ళందరూ వచ్చారు. డార్విన్ సిద్ధాంతం మీద ప్రపంచమంతా జరిగిన గొడవల గురించి అనసూయ గారు రాత్రంతా చదువుకుని వచ్చారు. దేవుడు ఏమైపోవాలి, పురాణాలు ఏమైపోవాలి అని అడిగితే ఏం చెప్పాలో కాగితాల మీద రాసుకున్నారు. ఆ కాగితాలు ఆవిడ చేతిలోనే ఉండిపోయాయి. అక్కడ ఒక్కరు కూడా సిద్ధాంతాన్ని కాదనలేదు. అందరూ మనిషి బొమ్మ తమకే కావాలన్నారు.

మనిషి బొమ్మ గోవర్ధనరావు గారి తండ్రి కీర్తిశేషులు రాఘవయ్య గారికి పోయింది. అది ఎలాగూ పోతుందని అందరికీ తెలుసు. చేప కోసం ఇద్దరు కొట్టుకున్నారు. ఏ చేపో తేలితే గాని డబ్బు ఇవ్వనన్నాడు రైసుమిల్లు ఆయన. ఖరీదైన పండుగప్పే అని అబ్బులు భరోసా ఇచ్చాక ఒప్పుకున్నాడు. కప్ప అరిస్తే వర్షాలు పడతాయి కాబట్టి కప్పకి ఒక రైతు దొరికాడు. తొండని ఇన్సూరెన్సు ఏజెంటు తీసుకున్నాడు, రోడ్డు మీద నుంచి సూటిగా కనపడేది ఆ చోటేనని. ఒక్క కణానికి ఈ మధ్యే తల్లి పోయిన మాధవి గారు ముందుకొచ్చారు. "మా అమ్మ పేరు మీద ఒట్టి చుక్కేనా?" అని మొదట చిన్నబుచ్చుకుని, ఆ తర్వాత సృష్టికి మూలం చుక్కేనని తనకి తానే చెప్పుకుని, చుక్క కొంచెం పెద్దది పెట్టమన్నారు.

మిగిలింది కోతి.

"కోతి కాదండీ," అన్నారు అనసూయ గారు. "చింపాంజీలకీ మనకీ కూడా పూర్వీకుడైన జీవి."

"అంటే కోతి మనకి వరసకి ఏమవుద్దండి?" అన్నాడు రైసుమిల్లు ఆయన.

"దాయాది అనుకోండి."

"దాయాది అయితే వాటా అడుగుద్దేమో," అని అటు నుంచి ఎవరో అన్నారు. అందరూ నవ్వారు గాని ఎవరూ ముందుకు రాలేదు. హెడ్మాస్టరు గారు చేతులు జోడించి, పోనీ చేతిలో గద పెట్టి, వెనక తోక వేస్తే ఆంజనేయస్వామి అవుతాడు, దాతలు క్యూ కడతారు అని సలహా ఇచ్చారు. ఈ జీవికి తోక ఉండదని అనసూయ గారు. తోక ఉంటే సైన్సు కాదు, లేకపోతే స్వామి కాదు. గంటసేపు మీటింగు తోక దగ్గరే ఆగిపోయింది.

అప్పటిదాకా గుమ్మం దగ్గర గొంతుక్కూర్చుని ఉన్న అబ్బులు లేచాడు. "ఆ బొమ్మకి మా అమ్మ పేరు రాసుకుంటానండి. రంగు నాదే."

గోవర్ధనరావు గారు, "కోతి కింద అమ్మ పేరేంట్రా?" అన్నారు జాలిగా.

"ఏవైందండి? పిల్లని పొట్టకి కరుచుకుని ఊరంతా తిరిగేది అదేగా."

అబ్బులు ఎవరెవరి పేర్లో ఎన్ని వేలు రాశాడో గాని తనవాళ్ళ పేరు ఒక్కచోట కూడా రాసుకోలేదు. రాయాలంటే ముందు ఏదో ఒకటి ఇవ్వాలి. ఫ్యాను ఇచ్చే స్తోమత అతనికి లేదు. ఎవరికీ అక్కర్లేని బొమ్మ ఒకటి ఉంటుందని, దాని కింద చోటు ఖాళీగా ఉంటుందని అతను అంతకు ముందు అనుకుని ఉండడు.

పని పది రోజులు సాగింది. గోవర్ధనరావు గారు రెండు పూటలా వచ్చి వెనక నిలబడేవారు. పుస్తకంలో మనిషికి బట్టలుండవు. "మా నాన్నకా?" అని ఆయన ఒక్క మాట అనేసరికి అనసూయ గారు పుస్తకం మూసేశారు. దాంతో చుక్కగా మొదలైన ప్రాణి కోట్ల ఏళ్ళు కష్టపడి, చిట్టచివరికి గ్లాస్గో పంచె, కండువా, కళ్ళజోడు, చేతిలో గొడుగుతో రాఘవయ్య గారుగా తేలింది. పోలిక మాత్రం అచ్చం వచ్చింది. గోవర్ధనరావు గారు చూసి కళ్ళు తుడుచుకున్నారు. ఆ సంతోషంలోనే కమిటీ పుస్తకంలో ఒక తీర్మానం రాయించారు. ఈ గోడ మీది దాతల పేర్లు ఎట్టి పరిస్థితుల్లోనూ, ఎవరూ చెరపరాదని.

కోతి బొమ్మ అబ్బులు ఆఖర్న వేసుకున్నాడు. దాని పొట్టకి ఒక పిల్ల కరుచుకుని ఉంది. కింద 'కీ.శే. మహాలక్ష్మమ్మ గారి జ్ఞాపకార్థం' అని రాయడానికి ఒక రోజంతా పట్టింది. ఫ్రీజర్ పెట్టె మీది పేరైతే అతనికి అరగంట పని.

నేను పక్కనే బెంచీ మీద పరీక్ష పేపర్లు దిద్దుతున్నాను. అందరినీ అతను అడిగే ప్రశ్న అతన్ని నేను అడిగాను. "మీ అమ్మ ఎలాంటి మనిషి అబ్బులూ?"

కుంచె ఆపి నా వంక చూశాడు. "మీకు తెలుసు కదండీ మాస్టారూ. మీ వీధిలోకి వచ్చేది. తెల్లారే మొదటి బస్సుకి గంప తెచ్చుకునేది. మీ అమ్మగారు వాకిట్లో బూడిద పోసి చేపలు తోమించుకునేవారు."

నాకు గంప గుర్తొచ్చింది. గంప అడుగు నుంచి కారే నీళ్ళు, నెత్తి మీద చుట్టకుదురు, "చందువాలమ్మో" అన్న కేక గుర్తొచ్చాయి. చిన్నప్పుడు నేను తిన్న చేపల్లో సగం ఆవిడ తెచ్చినవే. మేమంతా చేపలమ్మా అని పిలిచేవాళ్ళం. మా అమ్మ కూడా అంతే. ఆవిడకి ఒక పేరు ఉంటుందని నాకు తోచనే లేదు. నేను పిల్లలకి చరిత్ర చెప్పే మనిషిని. ఆ రోజు నాకు సిగ్గేసింది, పేపర్లు దిద్దలేక లేచి ఇంటికి వెళ్ళిపోయాను.

ఆ పైన ఆరు నెలలు అంతా బాగానే ఉంది. గొడవ ఒక ఫోటోతో మొదలైంది. కాలేజీ కుర్రాళ్ళు ఎవరో ఆరు బొమ్మల్లో రెండే వచ్చేట్టు ఫోటో తీసి ఊరి వాట్సాప్ గ్రూపులో పెట్టారు. ఎడమ పక్క కోతి, కుడి పక్క గొడుగుతో రాఘవయ్య గారు. కింద 'మొదట, ఇప్పుడు' అని రాశారు. గోవర్ధనరావు గారు మూడు రోజులు ఎరువుల కొట్టు తెరవలేదు.

అదృష్టమో దురదృష్టమో ఆ జూన్‌లో పదో తరగతికి కొత్త పుస్తకాలు వచ్చాయి. అనువంశికత పాఠం ఉంది. దాని వెంట ఎప్పుడూ ఉండే పరిణామం లేదు. పిల్లల మీద భారం తగ్గించడానికి తీసేశారట. అనసూయ గారు పుస్తకం మొదటి నుంచి చివరికి, చివరి నుంచి మొదటికి తిప్పారు. స్టాఫ్ రూములో కూర్చుని కాసేపు ఏడ్చారు.

గోవర్ధనరావు గారు మీటింగు పెట్టించారు. "పరీక్షలో రాని పాఠం గోడ మీద ఎందుకండీ? చెరిపేసి లెక్కల సూత్రాలు రాయిద్దాం."

"మా అమ్మ పేరు చెరుపుతారా?" అని మాధవి గారు లేచారు. పేర్లు చెరపరాదని మీరే రాయించారు కదా అని రైసుమిల్లు ఆయన కమిటీ పుస్తకం తెరిచి చూపించాడు. అనసూయ గారు కిందటి ఏడాది వాడని కాగితాలు మళ్ళీ తెచ్చుకున్నారు.

"నూట అరవై ఏళ్ళ కిందట ఇంగ్లండులో ఇదే గొడవైందండీ. ఒక బిషప్ గారు నిండు సభలో లేచి, కోతి మీకు తాతగారి వైపు చుట్టమా, నాయనమ్మ వైపు చుట్టమా అని ఒక శాస్త్రవేత్తని ఎగతాళి చేశాడంటారు. అమెరికాలో అయితే ఈ పాఠం చెప్పినందుకు ఒక టీచరు మీద కేసే పెట్టారు."

"ఎవరు గెలిచారు?" అన్నారు గోవర్ధనరావు గారు. కోర్టు అనేసరికి ఆయనకి ఆసక్తి కలిగింది.

"టీచరు ఓడిపోయాడండీ. జరిమానా వేశారు. పై కోర్టు కొట్టేసింది."

"పాఠం కరెక్టేనని కొట్టేసిందా?"

"కాదండీ. జరిమానా జడ్జి వేశాడు, జూరీ వేయాల్సిందట. ఆ పాయింటు మీద."

"చూశారా, ఎక్కడైనా అంతే," అని ఆయన తృప్తిగా వెనక్కి వాలారు.

చివరికి రాజీ కుదిరింది. బొమ్మలు ఉంటాయి, పైన శీర్షికలు మారతాయి. చుక్క పైన 'సున్న: భారతీయుల కానుక' అని రాయాలి. చేప 'పౌష్టికాహారం' అయింది. కప్ప 'వర్షాకాలం', తొండ 'మన పరిసరాలు' అయ్యాయి. రాఘవయ్య గారు 'పెద్దలను గౌరవించాలి' అయ్యారు. ఒక్క బొమ్మ కూడా చెరపకుండానే పాఠం మొత్తం పోయింది. కోతి మాత్రం ఏ శీర్షిక కిందా ఇమడలేదు. పైగా దాని దాత ఈ ఊరివాడు కాడు, కమిటీలో లేడు. కోతి బొమ్మకి సున్నం కొట్టాలని తీర్మానం అయింది.

కొట్టాల్సింది ఎవరు? అబ్బులే. వేరే పెయింటర్ లేడు.

అతను నోరెత్తుతాడేమోనని చూశాను. నేనైనా నోరెత్తాల్సింది, ఎత్తలేదు. అబ్బులు తీర్మానం ఇంకోసారి చదివించుకుని, హెడ్మాస్టరు గారిని ఒక్కటే అడిగాడు. "ఇందులో బొమ్మ అనే ఉంది కదండి? పేరు అని లేదు కదా?"

హెడ్మాస్టరు గారు కొత్త తీర్మానం చూశారు, పాత తీర్మానం చూశారు. పేర్లు ఎట్టి పరిస్థితుల్లోనూ చెరపరాదు, కింద గోవర్ధనరావు గారి సంతకం. "లేదు," అన్నారు.

అబ్బులు పెద్ద కుంచె తీసుకుని కోతికి తెల్లరంగు కొట్టాడు. పిల్ల దగ్గర కొంచెం ఆగినట్టు అనిపించింది, కాని దాన్నీ కొట్టేశాడు. పేరుకి బెత్తెడు ఎత్తున కుంచె ఆపేశాడు. తొండకీ రాఘవయ్య గారికీ నడుమ మనిషి వెడల్పున తెల్లటి ఖాళీ, దాని కింద నీలి అక్షరాల్లో మహాలక్ష్మమ్మ గారు మిగిలారు.

అనసూయ గారు ఆ తర్వాత పరిణామం అన్న మాట ఎత్తలేదు. సిలబస్‌లో లేదు కదా! కాకపోతే రోజూ పిల్లల్ని వరండాలో వరసగా నిలబెట్టి, గోడ మీద చేతికర్రతో తడుతూ, "దీని తర్వాత?" అని అడిగేవారు. చేప, కప్ప, తొండ అని పిల్లలు అరిచేవారు. కర్ర ఖాళీ దగ్గరికి రాగానే "మహాలక్ష్మమ్మ" అనేవారు. "తర్వాత?" అంటే "మనిషి!" ఆవిడ చెప్పింది ఏమీ లేదు, అడిగింది అంతే. ఇందులో తప్పు పట్టడానికి కమిటీకి ఏమీ దొరకలేదు.

జనవరిలో బడి తనిఖీకి పై అధికారి వచ్చారు. ఆ పొద్దున్నే అబ్బులు గేటు మీద స్వాగతం బోర్డు రాసి, రంగులు సర్దుకుంటూ వరండా మెట్ల మీద ఉన్నాడు. గోవర్ధనరావు గారు పూలదండ పట్టుకుని అధికారి వెంట నడుస్తున్నారు. అధికారి పదో తరగతిలో హారిక అనే పిల్లని లేపారు. కొంచెం భయస్తురాలు గాని చదువుతుంది. ఆయనకి కొత్త పుస్తకంలో ఏం తీశారో తెలియదనుకుంటాను.

"మనిషి దేని నుంచి వచ్చాడమ్మా?"

"మహాలక్ష్మమ్మ గారి నుంచండి," అంది హారిక.

తరగతి మొత్తం అవునన్నట్టు తలూపింది. కిటికీ అవతల మెట్ల మీద అబ్బులు తలెత్తాడు. అధికారి అనసూయ గారి వంక చూశారు. ఆవిడ కిటికీ వంక చూశారు. ఆయన మమ్మల్ని అందర్నీ వెంటబెట్టుకుని వరండాలోకి వచ్చి, గోడ మొత్తం చదివి, ఖాళీ దగ్గర ఆగిపోయారు.

"ఎవరీవిడ?"

హెడ్మాస్టరు గారు గోవర్ధనరావు గారి వంక చూశారు. అధికారి పక్క బొమ్మ కింద రాఘవయ్య గారి పేరూ, దాతగా కొడుకు పేరూ చదివి, గోవర్ధనరావు గారి వైపు తిరిగారు. "మీ నాన్నగారి ముందున్నారు. మీకు తెలియదా?"

గోవర్ధనరావు గారు ఆ పేరు వంక చాలాసేపు చూశారు. ఇన్నాళ్ళలో ఆయన కోతిని చూశారు, ఖాళీని చూశారు, ఆ పేరుని మాత్రం ఎప్పుడూ చూడలేదనుకుంటాను. మెట్ల మీదున్న అబ్బులుని చూశారు. అబ్బులు లేచి నిలబడి ఉన్నాడు.

"అబ్బులూ, మీ అమ్మ... గిలకలదిండి నుంచి గంప తెచ్చేది, ఆవిడేనా?"

"అవునండి. మీ నాన్నగారు చందువాలు తప్ప తినేవారు కాదు. దొరక్కపోతే ఆ రోజు మీ ఇంటికి వచ్చేది కాదండి, ఆయన చిన్నబుచ్చుకుంటారని."

గోవర్ధనరావు గారు అధికారి వైపు తిరిగి, "మా ఇంటికి చేపలు తెచ్చేదండి. ముప్పై ఏళ్ళు తెచ్చింది. పేరు తెలీదు నాకు," అన్నారు. ఆయన గొంతు అంత మెత్తబడడం నేను ఎప్పుడూ వినలేదు.

ఇదంతా హారిక శ్రద్ధగా విన్నది. గోడ మీది వరసనీ ఆయన్నీ మార్చి మార్చి చూసి లెక్క తేల్చుకుంది.

"అయితే ఈవిడ మీకు నాయనమ్మ అవుద్దండి, తాతయ్యగారూ."

గోవర్ధనరావు గారు చేతిలో ఉన్న దండ ఏం చేయాలో తెలియక అలాగే నిలబడ్డారు. అది అధికారి మెళ్ళో వేయాల్సిన దండ. చివరికి దాన్ని పేరు పైన ఉన్న మేకుకి తగిలించారు. అది పాత క్యాలెండరు మేకు.

అబ్బులు కుంచె కింద పెట్టి హారిక దగ్గరికి వచ్చాడు. నేనూ గోవర్ధనరావు గారూ ఈ ఊరి జనమంతా ముప్పై ఏళ్ళు ఆవిడ చేతి చేపలు తిన్నాం. అయినా ఈ ఊళ్ళో ఒకరి నోట ఆ పేరు అతను వినడం అదే మొదటిసారి.

"ఎవరి నుంచి వచ్చామన్నావమ్మా?" అన్నాడు. "ఇంకోసారి చెప్పు."